కొలబద్ద కూర్చున్న కుర్చీ

ఆమెని స్టూడియోలో అందరూ కొలబద్ద అనేవారు. వెక్కిరింత కాదు, ముద్దూ కాదు, పిలుపే అది. "కొలబద్ద వచ్చిందా?" "కొలబద్దని కూర్చోబెట్టండి." మొదట్లో ఆమెకి చురుక్కుమనేది. పోనుపోను ఎవరైనా అసలు పేరుతో పిలిస్తే, ఎవర్నబ్బా అని వెనక్కి తిరిగి చూసుకునే దాకా వచ్చింది.

టెలివిజన్ అప్పుడప్పుడే కళ్ళు తెరుస్తున్న రోజులవి. ఏదైనా అప్పటికప్పుడు జరగాలి, అప్పటికప్పుడు గాల్లోకి పోవాలి. చెడితే చెడినట్టే, బాగా వచ్చినా పోయినట్టే. దాచిపెట్టుకునే సాధనం లేదు. సాయంత్రం కార్యక్రమాలు మొదలయ్యే ముందు దీపాలు, కెమెరా సరిచూసుకోవడానికి ఒక మొహం కావాలి. అసలు కళాకారులు ఆ వేడిలో అంతసేపు కూర్చోరు. కూర్చుంటే వేసుకున్న రంగంతా కారి మెడలోకి దిగుతుంది. అందుకని వాళ్ళ బదులు ఒక మనిషి, వాళ్ళలాగే రంగు పూసుకుని, వాళ్ళ కుర్చీలో కూర్చుని కెమెరాకేసి చూస్తూ ఉండాలి. ఆ మనిషే కొలబద్ద. ఆమె ముక్కు నీడ సరిచేసి, ఆమె చెంప మీద వెలుతురు దిద్ది, అంతా కుదిరాక అసలు మనిషి వచ్చేది. ఫ్లోర్ మేనేజర్ అరచెయ్యి పక్కకి ఊపి "ఇక జరగమ్మా" అనేవాడు. ఆమె జరిగేది. దిద్దిన వెలుతురంతా ఇంకొకరి మొహం మీద పడేది.

ఈ ఉద్యోగం ఆమెకి ఊరికే రాలేదు. అంతకు ముందు నాటకాల కంపెనీలో ఉండేది. అక్కడ ఆమె వేసిన అన్నిటికంటే పెద్ద వేషం రాతిబొమ్మ. ఒక అంకం మొత్తం రాజుగారి తోటలో కదలకుండా నిలబడాలి. రాజుగారు రోజుకో తప్పు చదివేవాడు గానీ, రాతిబొమ్మ ఒక్కనాడూ రెప్ప వెయ్యలేదు. ముక్కు మీద ఈగ వాలినా సరే. ఆ ఖ్యాతి విని స్టూడియోవాళ్ళు కబురు పెట్టారు. నటించడానికి పిలిచారనుకుని ఎగిరి గంతేసి వచ్చింది, పాపం.

ఇంట్లో అక్క కూడా అంతే సంబరపడింది. అమ్మా నాన్నా లేని చెల్లెల్ని పెంచింది అక్కే. బట్టల కొట్టుకి చొక్కాల కాజాలు కుట్టిపెట్టేది. నల్ల గుడ్డ మీద నల్ల దారం, తెల్ల గుడ్డ మీద తెల్ల దారం. అలా కళ్ళు అరగదీసుకుని చెల్లెల్ని చదివించింది, నాటకాలకి పోతానంటే పంపించింది, నలుగురూ నాలుగు మాటలంటే "మీ ఇంట్లో అన్నం తింటోందా?" అని నోళ్ళు మూయించింది. ఇప్పుడు ఆ కళ్ళే మొరాయించాయి. డాక్టరు రెండు కళ్ళలోకీ టార్చి వేసి చూసి, చెల్లెల్ని బయటికి పిలిచాడు. "వెనకాల నరం ఎండిపోతోందమ్మా. ఆపరేషన్‌తో బాగయ్యేది కాదు. ఈ చలికాలం గడిచేసరికి వెలుగూ చీకటీ తప్ప ఇంకేం తెలియకపోవచ్చు" అన్నాడు.

అక్క ఆ మాట తలుపు చాటునుంచే విన్నది. ఆవిడవి పాము చెవులు. ఇంటికి వచ్చే దారిలో ఏడవలేదు, ఎవర్నీ తిట్టలేదు. చెల్లెలి చెయ్యి పట్టుకుని నడుస్తూ, "అయితే ఈలోగా నిన్నొక్కసారి ఆ పెట్టెలో చూసెయ్యాలే. అది చూశాక ఇంకేం చూడకపోయినా ఫరవాలేదు" అంది. ఆ రోజునుంచీ కొలబద్దకి బతుకులో కావలసింది ఒక్కటే: ఒక్క సాయంత్రం, తన మొహం, తన పేరున, అక్క కళ్ళు ఉండగా.

వాళ్ళు అద్దెకున్నది ఒక మేడ మీద గదిలో. కింద రేడియోలు బాగుచేసే దుకాణం. ఆ వీధి మొత్తానికి ఉన్న ఒకే ఒక్క టెలివిజన్ ఆ దుకాణంలోనే ఉండేది. పొద్దు వాలేసరికి జనం పోగయ్యేవారు. దుకాణం ఆయన అక్కకి మాత్రం లోపల, పెట్టెకి ముందే కుర్చీ వేసేవాడు. ఆవిడ ముక్కు అద్దానికి తగిలేటంత దగ్గరగా కూర్చునేది. "పెద్దమ్మా, ఇంకాస్త ముందుకు జరిగితే నువ్వే వార్తలు చదవాలి" అని ఆయన పరాచికాలాడేవాడు. "మా చెల్లి వచ్చే రోజున తప్పిపోకూడదు నాయనా" అనేది అక్క.

ఆ రోజు ఎప్పటికీ వచ్చేలా లేదు. డైరెక్టర్ గారిని అడిగితే "చూద్దాం" అనేవాడు. ఆ మాట ఆయన చల్లని ఆఫీసు గదిలో పుట్టి ఆ గదిలోనే చచ్చిపోయేది.

ఆ రోజుల కెమెరాకి ఒక జబ్బు ఉండేది. వెలుతురున్న బొమ్మ దేన్నయినా కదలకుండా ఎక్కువసేపు చూస్తే, తరవాత ఎటు తిప్పినా ఆ బొమ్మే దాని లోపలి గాజుగొట్టంలో అంటుకుని ఉండిపోయేది. ఎండలో కిటికీకేసి తదేకంగా చూసి కళ్ళు మూసుకుంటే కిటికీ కళ్ళలోనే ఉండిపోతుంది చూడండి, అలాగ. పైగా తెల్లగా ఉన్నది నల్లగానూ, నల్లగా ఉన్నది తెల్లగానూ మిగిలేది. కెమెరామన్లు దాన్ని 'అంటు' అనేవారు. అంటు పట్టకుండా మధ్యమధ్య కెమెరాని అటూ ఇటూ కదిలిస్తూ ఉండాలి. అది వాళ్ళకి ఊపిరి పీల్చుకోవడంలా అలవాటైన పని.

ఆ అలవాటు ఒకే ఒక్కనాడు తప్పింది. ఆ మధ్యాహ్నం స్టూడియోకి కొత్త జనరేటర్ వచ్చింది. దాన్ని మోసుకొచ్చిన లారీ గేటులో ఇరుక్కుంది. ముందుకు రాదు, వెనక్కి పోదు. ఇంకేముంది, డైరెక్టర్ గారి దగ్గర్నుంచి టీలు అందించేవాడి దాకా అందరూ పరుగెత్తుకెళ్ళి సలహాలు మొదలుపెట్టారు. సలహాలతో కదిలేదైతే ఆ లారీ ఈపాటికి సముద్రం దాటేది. కొలబద్దకి గురిపెట్టి ఉన్న కెమెరా నడిపే ముసలాయన కూడా, "ఒక్క నిమిషం అమ్మాయ్, కదలకు" అని బయటికి వెళ్ళాడు. ఆమె ఆయన్ని బాబాయ్ అని పిలిచేది. ఆయన కదలవద్దన్నాడు, ఆమె కదల్లేదు.

దీపాలన్నీ మండుతూనే ఉన్నాయి. చెమట చెవి వెనకనుంచి మెడ మీదికి జారుతోంది. బయటి కేకలు మందపు తలుపుల్లోంచి ఎక్కడో బావిలోంచి వస్తున్నట్టు వినిపిస్తున్నాయి. ఎదురుగా కెమెరా కన్నులో ఆమె మొహం గింజంత కనిపిస్తోంది. రోజూ చూసేదే. కానీ ఆ రోజు ఎంతసేపు చూసిందో ఏమో, అటువైపు నుంచి కూడా ఎవరో తనని చూస్తున్నట్టు అనిపించింది. అయినా బిగబట్టుకుని కూర్చుంది. అప్పుడు ఆ గింజంత మొహం ఒకసారి రెప్ప వేసింది. తను వెయ్యలేదు. రెప్ప వెయ్యకపోవడమే కదా తన బతుకుతెరువు, ఆ లెక్క ఆమెకి తప్పదు.

లారీ బయటపడి అందరూ లోపలికి వచ్చేసరికి బాబాయ్ గుండె మీద చెయ్యి వేసుకున్నాడు. "అయ్యో తల్లీ, ఇంకా అలాగే కూర్చున్నావా? కెమెరా కూడా అలాగే..." అని పరుగున వచ్చి దాన్ని పక్కకి తిప్పాడు. కెమెరా వెనకాలి చిన్న తెరలో చూస్తే, గోడకేసి తిప్పినా గోడమీద ఆమె. పరదాకేసి తిప్పినా పరదామీద ఆమె. జుట్టు తెల్లగా, మొహం నల్లగా.

ఆ సాయంత్రం వార్తలాయన మొహంలో ఇంకో మొహం ఉంది. సన్నగా, పొగమరకలా. ఎరిగినవాళ్ళకి తప్ప తెలిసేది కాదు. ఊళ్ళో టీవీలున్న నలుగురూ తమ పెట్టెకే ఏదో అయిందనుకున్నారు. దుకాణం ఆయన తన పెట్టె విప్పి, తుడిచి, బిగించి, మళ్ళీ విప్పి, చివరికి నాలుగు చరుపులు చరిచి ఊరుకున్నాడు.

కొలబద్ద ఇల్లు చేరేసరికి అక్క మెట్ల మీదే ఉంది. మొహం వెలిగిపోతోంది. "చూశానే నిన్ను!" అంది.

"ఎక్కడక్కా?"

"ఎక్కడేంటే, వార్తల్లో. ఆయన చదువుతుంటే వెనకాల నువ్వు కూర్చోలా? నాకు చెప్పనేలేదే, దొంగా!"

కొలబద్ద నవ్వేసింది. చూపు మందగించినవాళ్ళకి కోరుకున్నవే కనిపిస్తాయి కాబోలనుకుంది. తరవాత పడుకున్నాక ఆ నవ్వు నిలవలేదు. వెలుగూ నీడా తప్ప ఇంకేం పట్టని కళ్ళకి, వెలుగూ నీడా మాత్రమే అయినది బాగా కనిపించడంలో వింతేముంది?

అంటుకి మందు ఒకటే. పెద్ద తెల్ల అట్ట నిలబెట్టి, దాని మీద సమంగా వెలుతురు వేసి, కెమెరాని రోజంతా దానికేసి చూడనివ్వాలి. మర్నాడు అదే చేశారు. ఆ పూట మేకప్ పిన్ని, ఆమెని అద్దం ముందు కూర్చోబెట్టి రంగు పూస్తూ చిరాకుపడింది. ఎర్ర రంగు వేస్తే తెరమీద పెదవులు పాలిపోతాయని ఆ రోజుల్లో పెదవులకి ఆకుపచ్చ పూసేవారు. "ఏంటే ఇవాళ? ఎంత పూసినా రంగు నిలవడం లేదు. నీళ్ళ మీద రాస్తున్నట్టుంది" అంది. కొలబద్ద అద్దంలో చూసుకుంది. కనుబొమలు ఎక్కడున్నాయో వెతుక్కోవలసి వచ్చింది.

సాయంత్రం ఆమె ఇంకా గేటులో ఉండగానే కాపలావాడు గేటు వేసేశాడు. "చూడలేదమ్మా, ఏమనుకోకు" అన్నాడు. బస్సులో కండక్టర్ అటుపక్క ఆయనకీ ఇటుపక్క ఆవిడకీ టికెట్ ఇచ్చి మధ్యలో ఆమెని వదిలేసి వెళ్ళిపోయాడు. పోన్లే, కలిసొచ్చిందని నవ్వుకోబోయింది. ఇంతలో ఒక లావుపాటాయన ఖాళీ సీటు చూసుకుని హాయిగా ఆమె ఒళ్ళో కూర్చోబోయాడు. ఆమె కెవ్వుమంది. ఆయన అంతకంటే గట్టిగా కెవ్వుమన్నాడు. బస్సంతా నవ్వింది గానీ ఆమెకి నవ్వు రాలేదు.

"ఇవాళ పలచగా ఉన్నావే" అంది అక్క, అన్నం వడ్డిస్తూ. "నిన్న నిండుగా ఉన్నావు. ఇవాళ ఎవరో తుడిచేసినట్టు. తిండి సరిగ్గా తింటున్నావా లేదా?"

మర్నాడు పొద్దున్నే ఆమె స్టూడియోకి పరుగెత్తింది. కెమెరా అట్టకేసి చూస్తూ కూర్చునుంది. బాబాయ్ పక్కన స్టూలు మీద టీ తాగుతున్నాడు.

"బాబాయ్, ఆ అట్ట తీసెయ్యరూ."

"పిచ్చా నీకు? ఇంకో రోజుంచితే నీ మచ్చ పూర్తిగా పోతుంది."

"అందుకే తీసెయ్యమంటున్నా."

ఆయన నవ్వబోయి ఆమెకేసి చూశాడు. తరవాత కెమెరా వెనకాలి చిన్న తెరకేసి చూశాడు. తెరమీద ఆమె నీడ దాదాపు చెరిగిపోయింది. ఎదురుగా నిలబడ్డ పిల్ల వెనకాల తలుపు గడియ కనిపిస్తోందా, లేక తన కళ్ళు చెమ్మగిల్లాయా ఆయనకి అర్థం కాలేదు. టీ గ్లాసు కింద పెట్టి, లేచి, అట్టని తిప్పి గోడకి ఆనించేశాడు. పైవాళ్ళకి మాత్రం "మందు పనిచెయ్యడం లేదు సార్, కొత్త గొట్టం ఓడలో వచ్చేదాకా సర్దుకోవాల్సిందే" అని చెప్పాడు. పెద్దమనిషి, అబద్ధం ఆడటం చేతకాక చెవులు ఎర్రబడ్డాయి.

క్రమంగా ఆమె మొహానికి రంగు వచ్చింది. అయితే పూర్తిగా రాలేదు. మూడొంతులు వచ్చి ఆగిపోయింది. మిగతా వంతు ఎక్కడుందో ఆమెకి తెలుసు.

బాబాయ్ ఇంకో సంగతి కనిపెట్టాడు. కొలబద్ద ఎప్పటి చోట కూర్చుంటే తెరమీద ఆమె పాలిపోతోంది. "నీ తెలుపు మీద ఆ అంటు నలుపు, నీ నలుపు మీద దాని తెలుపు పడి, ఒకదాన్నొకటి తినేస్తున్నాయే. నువ్వు జానెడు పక్కకి కూర్చో" అన్నాడు. నేల మీద ఆమె కుర్చీ కాళ్ళకి గీసిన సుద్దగుర్తులు ఉండేవి. కుర్చీ ఆ గుర్తుల మీంచి జానెడు పక్కకి జరిగింది. ఆమెకి కడుపు మండిపోయింది. ఆ ప్రపంచంలో తనదని చెప్పుకోవడానికి ఉన్నవి నాలుగు సుద్దగుర్తులు. వాటి మీంచి కూడా జరగమ్మా అంటే ఎలా?

ఇలా ఉండగా చలి ముదిరింది. అక్క ఇప్పుడు గిన్నెలు తడిమి వెతుక్కుంటోంది. చెల్లెలి మొహం చూడాలంటే అరచేత్తో తడుముతోంది. ఆ స్పర్శకి కొలబద్ద ప్రతిసారీ కళ్ళు మూసుకునేది, ఏడుపు కనిపించకుండా. కనిపించదని తెలిసీ. అక్కకి మాత్రం దిగులు లేదు. "రోజూ వస్తున్నావుగా పెట్టెలో. కథలమ్మ గారి పక్కన వస్తావు, పాటలవాళ్ళ వెనకాల వస్తావు. నీకేంటే, అందరికంటే నీకే ఎక్కువ వేషాలు" అనేది. 'అది నేను కాదక్కా' అనే మాట చెల్లెలి నాలుక చివరి దాకా వచ్చి ఆగిపోయేది.

ఒకరోజు కథలమ్మ గారికి గొంతు పోయింది. ఆవిడ పిల్లలకి కథలు చెప్పే పెద్ద పేరున్న మనిషి. వేడినీళ్ళు తాగించారు, ఆవిరి పట్టించారు. గొంతులోంచి పిల్లికూత తప్ప మాట రాలేదు. డైరెక్టర్ గారు జుట్టు పీక్కుంటుంటే బాబాయ్ అన్నాడు: "కొలబద్ద ఉందిగా. ఆ కుర్చీలో ఆవిడ కంటే ఎక్కువసేపు కూర్చుంది. కథలన్నీ నోటికొచ్చు."

డైరెక్టర్ గారు ఆమెకేసి చూశాడు. మొదటిసారి చూస్తున్నట్టే చూశాడు. "సరే, కానివ్వండి. పేరు చెప్పి మొదలుపెట్టమనండి" అన్నాడు.

గేటు దగ్గరి ఫోన్లోంచి ఆమె రేడియో దుకాణానికి ఫోన్ చేసింది. "అన్నయ్యా, అక్కకి చెప్పండి. ఇవాళ కథ నేనే చెబుతున్నా. నిజంగా నేనే. ముందు కూర్చోబెట్టండి." అవతలి నుంచి దుకాణం ఆయన వీధి వీధంతా దద్దరిల్లేలా అరిచాడు. వెనకాల అక్క గొంతు వినిపించింది: "ఇన్నాళ్ళూ వస్తున్నది నిజంగా కాదేంటి?"

మేకప్ పిన్ని ఆమెకి ప్రేమగా రంగు వేసింది. తల దువ్వి, బుగ్గ గిల్లి, "పోయి రా, బంగారం" అంది. కొలబద్ద స్టూడియోలోకి నడిచింది. కుర్చీ గుర్తుల మీంచి జానెడు పక్కన ఉంది. బాబాయ్ దీపాలవాడితో ఏదో మాట్లాడుతున్నాడు. ఫ్లోర్ మేనేజర్ చేతిలో కాగితాలు చూసుకుంటున్నాడు. ఎవరూ ఇటు చూడటం లేదు. ఆమె కుర్చీ రెండు చేతులా ఎత్తి, నాలుగు కాళ్ళూ నాలుగు సుద్దగుర్తుల మీద సరిగ్గా, వెంట్రుకవాసి తేడా లేకుండా దించింది. ఇవాళ పక్కన కాదు. ఇవాళ నా చోట్లో నేనే. కూర్చుని వెన్ను నిలబెట్టింది.

ఎర్రదీపం వెలిగింది. ఆమె తన పేరు చెప్పింది. చెప్పేటప్పుడు అది కొంచెం పరాయిగా తోచింది.

తప్పిపోయిన మేకపిల్ల కథ మొదలుపెట్టింది. ఆ మేకపిల్ల తెలివితక్కువది. ఇల్లిల్లూ తిరిగి 'మా అమ్మని చూశారా' అని అడగదు. 'తప్పిపోయింది నేను కదా' అనుకుని, 'నన్ను ఎక్కడైనా చూశారా' అని అడుగుతుంది. ఆమె గొంతు తేటగా పలికింది. మొహం కదలకుండా, కళ్ళతోనే, పెదవులతోనే కథ నడిపించింది. అక్క అద్దానికి ముక్కు ఆనించి కూర్చుని ఉంటుందని తలచుకుంటే ప్రతి మాటలోకీ పాలు పొంగినట్టు ఏదో పొంగింది.

ఇంతలో కెమెరా వెనకాల బాబాయ్ మొహం మారింది. ఆయన తన చిన్న తెరలోకీ ఆమెకేసీ మార్చి మార్చి చూశాడు. కెమెరాని ఒక్కసారి పక్కకి తిప్పాడు. వెంటనే ఆయన చెవులకి తగిలించుకున్న హెడ్‌ఫోన్లలోంచి ఎవరో కేకలు పెట్టడం ఆమె దాకా దోమరొదలా వినిపించింది. ఆయన కెమెరాని మళ్ళీ యథాస్థానానికి తెచ్చాడు. ఫ్లోర్ మేనేజర్ ముందుకు వంగి అరచెయ్యి పక్కకి ఊపడం మొదలుపెట్టాడు. జరుగు. జరుగు.

ఆ చెయ్యి ఎన్ని సాయంత్రాలు అలా ఊగిందో! ఊగిన ప్రతిసారీ ఆమె లేచి జరిగింది. కథలమ్మ గారికి గొంతు వచ్చేసిందేమో. ఇంకెవరో దొరికారేమో. దొరకనీ. ఇవాళ జరగను. ఆమె తన నాటకాల కంపెనీ నాటి రాయిని ఒళ్ళంతా తెచ్చుకుంది. అంగుళం కాదు కదా, వెంట్రుక కూడా కదలనివ్వలేదు. ఫ్లోర్ మేనేజర్ చెయ్యి కాసేపు ఊగి ఊగి, నీరసంగా దిగిపోయింది.

కథ అయిపోయింది. ఎర్రదీపం ఆరింది. ఎవరూ చప్పట్లు కొట్టలేదు, తిట్టనూ లేదు. బాబాయ్ కెమెరా పట్టుకుని అలాగే నిలబడ్డాడు. తల పక్కకి తిప్పుకున్నాడు. పిన్ని రంగు తుడిచింది. తుడుస్తుంటే ఆవిడ కన్నీళ్ళు ఆమె భుజం మీద పడ్డాయి. సంతోషం కాబోలనుకుంది కొలబద్ద. చివరి వార్తలకోసం అదే కుర్చీని వార్తలాయనకి సర్దుతున్నారు. ఆమె ఆగలేదు. బస్సు ఎక్కింది. టికెట్ ఎవరూ అడగలేదు. ఈసారి ఆ సంగతే ఆమెకి పట్టలేదు.

దుకాణం ముందు జనం ఇంకా ఉన్నారు. ఆమె దారి చేసుకుంటూ వస్తే ఎవరూ తప్పుకోలేదు. దుకాణం ఆయన ఎవరితోనో ఉత్సాహంగా చెబుతున్నాడు: "భలే ఆలోచనండీ, ఎవరికి వచ్చిందో గానీ! మొదటినుంచీ చివరిదాకా ఖాళీ కుర్చీ. గొంతు మాత్రం వస్తోంది. మేకపిల్ల తప్పిపోయింది కదా, అలాగ చెప్పే మనిషి కూడా కనపడదన్నమాట. మధ్యలో ఒక్కసారి మాత్రం రెండు మొహాలు పక్కపక్కన కనిపించాయి, ఒకటి తెల్లగా ఒకటి నల్లగా. పిల్లలు జడుసుకున్నారు. వెంటనే తీసేశారు, మళ్ళీ కుర్చీయే."

ఆమె కాళ్ళు అక్కడే ఆగిపోయాయి. కెమెరా ఎందుకు తిరిగిందో, ఆ చెయ్యి ఎందుకు ఊగిందో, పిన్ని ఎందుకు ఏడ్చిందో ఒక్కొక్కటే వచ్చి మీద పడ్డాయి. జానెడు. ఒక్క జానెడు జరిగి ఉంటే.

లోపల అక్క ట్రంకుపెట్టెలోంచి తీసిన మంచి బట్టలు కట్టుకుని, తల నున్నగా దువ్వుకుని, టెలివిజన్ అద్దానికి దగ్గరగా కూర్చుని ఉంది. కళ్ళలో నీళ్ళు. "రోజూ వచ్చేది" అంటోంది తనలో తాను. "రోజూ తప్పకుండా వచ్చేది. ఇవాళే రాలేదు. అంత చెప్పి ఇవాళే రాలేదు."

కొలబద్ద వెళ్ళి ఆవిడ ముందు, పెట్టెకీ ఆవిడకీ మధ్య మోకాళ్ళ మీద కూర్చుంది. అక్క అరచెయ్యి తీసుకుని తన చెంపకి ఆనించుకుంది. "అక్కా, నేనే. వచ్చాను" అంది.

అక్క మొహం ఒక్కసారిగా విప్పారింది. కానీ ఆ చూపు ఆమె మీద లేదు. ఆమె భుజం మీంచి వెనక్కి చూస్తోంది. వెనకాల వార్తలు మొదలైనట్టున్నాయి, వార్తలాయన గొంతు వినిపిస్తోంది. కొలబద్ద తల తిప్పి చూసింది. వార్తలాయన మొహంలోంచి, ఎన్నడూ లేనంత నిండుగా, నల్లని మొహం తెల్లని జుట్టుతో అక్కకేసి చూస్తోంది. వార్తలాయన కాగితం తిప్పడానికి నోరు మూశాడు. ఆ రెండో నోరు ఇంకా ఏదో అంటూనే ఉంది.

"అదిగో, వచ్చింది! పిలిచింది కూడా, విన్నారా?" అంది అక్క పసిపిల్లలా. చెంప మీది చెయ్యి మెల్లగా వెనక్కి తీసుకుంది. ఎవరో తెలియని మనిషిని తాకినట్టు మర్యాదగా తీసుకుని, తల కొంచెం పక్కకి వంచి, బతిమాలుతున్నట్టు అంది:

"ఎవరోగానీ, కాస్త పక్కకి జరగమ్మా. మా చెల్లి కనపడటం లేదు."

ఆమె జరిగింది.